మార్కులు అడిగాం, నిద్ర అడగలేదు

1895లో, నాలుగు నెలల తేడాతో, తెలుగు నేల మీద ఇద్దరు మగపిల్లలు పుట్టారు. జనవరిలో భీమవరంలో యల్లాప్రగడ సుబ్బారావు, మేలో మదనపల్లెలో జిడ్డు కృష్ణమూర్తి. మొదటాయన అమెరికాలోని లెడర్లీ ప్రయోగశాలలో ఫోలిక్ యాసిడ్‌ను తయారు చేసిన బృందానికి పెద్ద. రెండో ఆయన జీవితమంతా దేశదేశాలూ తిరిగి, మనిషి మనసు ఎలా నడుస్తుందో మనిషికే చూపించడానికి పాటుపడ్డాడు. ఇద్దరూ మెట్రిక్యులేషన్ తప్పినవాళ్ళే. సుబ్బారావు మూడోసారికి గట్టెక్కారు. కృష్ణమూర్తి లండన్ విశ్వవిద్యాలయం పరీక్ష మళ్ళీ మళ్ళీ రాసి కూడా గట్టెక్కలేదు.

కృష్ణమూర్తి చిన్నప్పుడు మలేరియాతో చిక్కి సగమైన పిల్లవాడు. పదేళ్ళకే తల్లి పోయింది. బడిలో పంతుళ్ళు మందబుద్ధి అని తేల్చేసి కొట్టేవాళ్ళు. 1909లో కుటుంబం అడయారు చేరిన కొన్ని నెలలకు బడి దెబ్బలు తప్పాయి. వేళకు తిండి, స్నానం, ఈత, సైకిలు, సముద్రపు గాలి దొరికాయి. మందబుద్ధి అనిపించుకున్న ఆ పిల్లవాడి మాట వినడానికి తర్వాత వేలమంది కూర్చున్నారు. సుబ్బారావు సంగతి ఇంకోలా ఉంది. అన్నను పొట్టన పెట్టుకున్న స్ప్రూ వ్యాధి ఆయన్నీ పట్టుకుంది. ఆచంట లక్ష్మీపతి గారి ఆయుర్వేద వైద్యంతో బతికి బయటపడ్డారు. తిన్న తిండి ఒంటబట్టక మనిషి ఎలా కరిగిపోతాడో పుస్తకంలో కాకుండా సొంత ఒంట్లో చూసిన మనిషి, తర్వాత ఆ దారిలోనూ వెతికారు.

ఈ ఇద్దరినీ ఇవాళ తెచ్చి మన జూనియర్ కాలేజీలో చేర్పిస్తే ఏ సెక్షన్లో వేస్తారో మనందరికీ తెలుసు. తెలిసే మన పిల్లల్ని అక్కడ చేర్చాం. ఒకరిద్దరి సంగతి కాదిది. తల్లిదండ్రులం, పంతుళ్ళం, డాక్టర్లం, పత్రికలవాళ్ళం, రాసేవాళ్ళం, మొత్తం రెండు తెలుగు రాష్ట్రాల మధ్యతరగతి కలిసి చేసిన పని. బుర్ర వేరు, ఒళ్ళు వేరు, బతికే చోటు వేరు అని నమ్మాం. బుర్రను తీసుకెళ్ళి కాలేజీకి అప్పగించాం. మిగతావి రెండేళ్ళు పక్కన పెట్టినా ఏమీ కాదనుకున్నాం.

ఔటింగ్ ఇచ్చే ఆదివారం ఏదైనా హాస్టల్ గేటు దగ్గర కాసేపు నిలబడి చూడండి. పొద్దున్నే బస్సులు దిగిన తల్లులు స్టీలు క్యారియర్లతో, గోంగూర పచ్చడి సీసాలతో, ఉతికి మడతపెట్టిన బట్టల సంచులతో నిలబడి ఉంటారు. వార్డెన్ పేరు పిలిచాక పిల్లవాడు బయటికి వస్తాడు. చెట్టు ఉంటే చెట్టు కింద, లేకపోతే ఆగి ఉన్న కార్ల మధ్య దుప్పటి పరుస్తారు. తల్లి కోడికూర కలిపి ముద్ద నోట్లో పెడుతుంటే తండ్రి అడిగే మొదటి మాట, "మొన్న వీకెండ్ టెస్టులో ఎంతొచ్చాయిరా?" వాడు చెప్తాడు. నాలుగు ముద్దలు తిని తల్లి ఒళ్ళో తల పెట్టుకుని అలాగే నిద్రపోతాడు. అంత ఎండలో, అంత రొదలో, పక్కన హారన్ కొడుతున్నా కదలడు. "లేపవే, ఐదింటికి లోపలికి పంపాలి, మాట్లాడనేలేదు" అంటాడు తండ్రి. తల్లి లేపదు. "పాపం, అలిసిపోయాడు" అంటుంది.

ఆ నిద్రను మనం కళ్ళారా చూశాం. అది ఆ రోజు అలసట కాదనీ, నెలల తరబడి పోగుపడ్డ బాకీ అనీ తెలుసుకోవడానికి డాక్టరు చదువు అక్కర్లేదు. అయినా సాయంత్రం ఐదింటికి లేపి లోపలికి పంపాం.

పదమూడు నుంచి పద్దెనిమిదేళ్ళ పిల్లలకు రోజుకు ఎనిమిది నుంచి పది గంటల నిద్ర కావాలని నిద్ర వైద్యులు చెప్తారు. ఆ వయసులో ఒంటి గడియారమే కాస్త వెనక్కి జరుగుతుంది. నిద్ర తెచ్చే మెలటోనిన్ పెద్దవాళ్ళలో కంటే ఆలస్యంగా ఊరుతుంది. కాబట్టి పదహారేళ్ళ పిల్లవాడికి రాత్రి పదింటికి నిద్ర రాకపోవడం, తెల్లవారుజామున మెలకువ రాకపోవడం బద్ధకం కాదు, వయసు. 2014లో అమెరికా పిల్లల వైద్యుల సంఘం ఉన్నత పాఠశాలలు ఎనిమిదిన్నరకు ముందు మొదలుపెట్టవద్దని సూచించింది. మన దగ్గర చాలా హాస్టళ్ళలో ఐదింటికి బెల్లు. ఐదున్నరకల్లా స్టడీ అవర్. రాత్రి పదిన్నర, పదకొండు దాకా మళ్ళీ స్టడీ అవరే. పగలు చదివింది గుర్తుగా మారే పని చాలావరకు రాత్రి గాఢనిద్రలోనే జరుగుతుంది. హిప్పోక్యాంపస్ అనే చిన్న భాగం ఆ రోజు పోగేసుకున్నదాన్ని అప్పుడే మెదడు పైపొరలకు అప్పజెప్తుంది. ఇంకో చాప్టర్ ఎక్కించాలని నిద్రలోంచి రెండు గంటలు కోసేశాం. ఎక్కించిన చాప్టర్ నిలవాల్సిన చోటే కోశాం.

తెల్లవారుజామున చదివితే బుర్రకెక్కుతుందని మన పెద్దలు చెప్పేవాళ్ళు. వాళ్ళు అన్న మాటలో తప్పు లేదు. వాళ్ళ ఇళ్ళలో దీపం పెట్టిన రెండు గంటలకే అన్నాలయ్యేవి, ఎనిమిదింటికి మంచాలు వాల్చేవాళ్ళు. ఆ మాటలో లేవడం ఒక్కటే తీసుకుని, పడుకోవడాన్ని వదిలేశాం.

ఇక ఆడపిల్లల సంగతి. ఇది రాయడానికి చేయి రాదు. ఎందుకంటే ఇక్కడ మన తప్పు హాస్టల్ గేటు దగ్గర మొదలవ్వలేదు, ఇంట్లో కంచం దగ్గర మొదలైంది. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే లెక్కలో దేశంలో పదిహేను నుంచి నలభై తొమ్మిదేళ్ళ స్త్రీలలో నూటికి యాభై ఏడు మందికి రక్తహీనత ఉంది. తెలంగాణలోనూ, ఆంధ్రలోనూ లెక్క అంతకంటే మెరుగ్గా లేదు. పదిహేను, పంతొమ్మిదేళ్ళ మధ్య అమ్మాయిల్లో అయితే ఇంకా ఎక్కువ. ఇనుము తక్కువైతే రక్తం ప్రాణవాయువును సరిగా మోయలేదు, అది అందరికీ తెలిసిందే. మనం పట్టించుకోని సంగతి ఇంకొకటుంది. మెదడులో డోపమిన్ తయారవడానికీ ఇనుము కావాలి. ఒకచోట దృష్టి నిలపడం, ఇష్టంగా ఒక పని పట్టుకుని కూర్చోవడం దాని మీద ఆధారపడ్డవి. పేరెంట్స్ మీటింగ్‌లో లెక్చరరు "అమ్మాయికి కాన్‌సన్‌ట్రేషన్ లేదండీ" అంటాడు. "ఫోను ఎక్కువైందండీ" అని మనం అందిస్తాం. పిల్ల తలొంచుకుంటుంది. కింది కనురెప్ప లాగి చూసిన వాళ్ళు ఎవరూ లేరు.

ఆ పిల్ల పొద్దున మెస్‌కి ఎందుకు వెళ్ళదో కూడా అడగలేదు. బాత్‌రూమ్ దగ్గర క్యూ, తల దువ్వుకోవడం, ఏడున్నరకు క్లాసు. ఈ మూడూ, టిఫినూ కలిపి ఏదో ఒకటి వదులుకోవాలంటే ఉప్మానే వదిలేస్తుంది. పగలు నీళ్ళు కూడా తక్కువ తాగుతుంది, మధ్యలో బయటికి పంపరని. నెలసరి రోజుల్లో మూడు గంటల పరీక్షకు అలాగే కూర్చుంటుంది. ఆ పేపర్లో తగ్గిన మార్కులకు మనం పెట్టిన పేరు "సిల్లీ మిస్టేక్స్".

హైదరాబాదు తార్నాకలో జాతీయ పోషకాహార సంస్థ ఉంది. 1918లో కూనూరులో చిన్న పరిశోధనా కేంద్రంగా మొదలై 1950ల చివర్లో మన ఊరికి వచ్చింది. ఇనుము, అయొడిన్ రెండూ కలిపిన ఉప్పును తయారు చేసింది వాళ్ళే. దేశం పళ్ళెంలో ఏం తక్కువైందో కొలిచి చెప్పే సంస్థ మన సిటీ బస్సు దారిలో ఉంటే, అదే బస్సుల్లో ఆ పక్కనుంచే కోచింగులకు వెళ్ళే పిల్లల కంచంలో ఏముందో చూడలేదు. ప్రభుత్వ బడుల్లో కౌమార పిల్లలకు వారానికొకటి నీలం రంగు మాత్ర ఇస్తారు. ఇనుము, ఫోలిక్ యాసిడ్ కలిపిన మాత్ర. భీమవరం మనిషి చేతి మీదుగా ప్రపంచానికి అందిన పదార్థం అందులో ఉంది. లక్షలు ఫీజు కట్టిన చోట ఆ మాత్ర ఇస్తున్నారా అని అడగాలన్న ఆలోచన మనకు రాలేదు. అది సర్కారు బడి పిల్లలకు సంబంధించిన విషయం అనుకున్నాం. మన పిల్లల నెత్తురు వేరే రకమా?

ఇక పిల్లలు బతికే చోటు గురించి. అపార్టుమెంటు కోసం కట్టిన భవనంలో నాలుగంతస్తులు కాలేజీ, పైన రెండంతస్తులు హాస్టల్. ఆటస్థలం కాగితం మీద ఉంటుంది. కిటికీలు తెరిస్తే పిల్లల దృష్టి చెదురుతుందని మూసి ఉంచుతారు. ఆ గదిలో అరవై, డెబ్బై మంది గంటల తరబడి వదిలిన గాలినే మళ్ళీ పీలుస్తారు. గాలిలో కార్బన్ డయాక్సైడ్ పెరిగేకొద్దీ మగత ఎక్కుతుంది. ఎంచి, తూచి నిర్ణయించే శక్తి తగ్గుతుందని పరిశోధనలు చూపించాయి. ట్యూబులైటు వెలుగు కొన్ని వందల లక్స్ ఉంటే, బయట పగటి వెలుగు పదివేలు దాటుతుంది. ఎదిగే కంటికి ఆ వెలుగు కావాలి. అది లేని పిల్లల్లో దూరం చూపు తగ్గుతుంది. తైవాన్‌లో ఈ సంగతి గుర్తించి 2010 నుంచి బడి పిల్లల్ని రోజుకు రెండు గంటలు ఆరుబయట తిప్పే కార్యక్రమం పెట్టారు. మనం కళ్ళద్దాలు కొనిచ్చాం. కళ్ళద్దాలుంటే బాగా చదివే పిల్లవాడని మురిసిపోయాం కూడా.

అన్నిటికంటే లోతుగా గుచ్చుకున్నది మాత్రం మన మాట. 2013లో అచ్చయిన ఒక పరిశోధన ఉంది. తమిళనాడులో 464 మంది చెరకు రైతులకు కోతకు ముందు, కోత తర్వాత ఒకే రకం మేధా పరీక్షలు పెట్టారు. అదే మనిషి, అదే మెదడు. చేతిలో డబ్బు ఆడని రోజుల్లో తక్కువ తెలివి చూపించాడు. పంట డబ్బు చేతికొచ్చాక బాగా చేశాడు. అప్పు, ఇంటి ఖర్చు, వడ్డీ రోజంతా లోపల తిరుగుతుంటే ఆలోచించడానికి మిగిలే జాగా తగ్గిపోతుందని ఆ పరిశోధకులు తేల్చారు. మన ఊళ్ళలో అప్పు చేసిన ఏ రైతునడిగినా ఈ మాట చెప్పేవాడు.

ఇది తెలిసిన మనమే ఏం చేశాం? పదహారేళ్ళ పిల్లవాడి చెవిలో ఆ లెక్క పోశాం. "ఎకరం అమ్మి కట్టాంరా నీ ఫీజు." "అమ్మ గాజులు బ్యాంకులో ఉన్నాయి." "చెల్లి పెళ్ళి నీ మీదే ఉంది." "మామయ్య కొడుకు చూడు, కంప్యూటర్ సైన్స్ వచ్చింది." ప్రేమతోనే అన్నాం, బాధ్యత తెలుస్తుందని అన్నాం. పిల్లవాడు రసాయనశాస్త్రం పేపరు ముందు కూర్చున్నప్పుడు వాడి తలలో సగం జాగా ఆ ఎకరం ఆక్రమించుకుంది. ఒక్కొక్క బిట్టూ ఎన్ని సెంట్లో లెక్కేసుకుంటూ రాసిన పిల్లలున్నారు. మార్కులు తగ్గితే సెక్షన్ మార్చారు. నిన్నటిదాకా పక్కన కూర్చున్నవాళ్ళు ఇవాళ వేరే ఫ్లోర్‌లో ఉంటారు. మెస్‌లో కలిసినప్పుడు కళ్ళు తప్పిస్తారు. పైనుంచి కిందికి దింపితే పౌరుషం వచ్చి చదువుతాడని కాలేజీవాళ్ళు చెప్తే నిజమేనని తలూపాం. భయపడ్డ మనసు పాఠం మీద నిలవదు, భయం మీదే నిలుస్తుంది. ఇది ఎవరో చెప్పాలా మనకు? మన చిన్నప్పుడు ఎక్కాలు అప్పజెప్పేటప్పుడు బెత్తం చూసి పదమూడో ఎక్కం మర్చిపోలేదూ?

ఈ కాలేజీల వల్ల మేలే జరగలేదని అంటే అబద్ధం. ఎన్నో పల్లెల్లో, ఇంట్లో మొదటిసారి డిగ్రీ చదివిన పిల్లలు ఈ గేట్లలోంచే ఐఐటీలకూ, మెడికల్ కాలేజీలకూ వెళ్ళారు. వాళ్ళ వల్ల పెంకుటిళ్ళు డాబాలయ్యాయి. అప్పులు తీరాయి. తల్లిదండ్రులు ఆశపడటంలో తప్పు లేదు, ఆశే లేకపోతే ఆ ఎకరం అమ్మేవాళ్ళే కాదు. కానీ నెగ్గినవాళ్ళ ఫొటోలు చూసి దారి మంచిదని తీర్మానించాం. అదే దారిలో నడిచి నిద్ర, కంటిచూపు, నెత్తురు, చదువు మీద ఇష్టం పోగొట్టుకున్నవాళ్ళ ఫొటోలు ఎక్కడా వేయలేదు. ర్యాంకు వచ్చిన పిల్లవాడు ఆ తిండి తిని, ఆ నిద్రతో కూడా నెగ్గాడు. ఆ నిద్ర వల్ల నెగ్గాడని మనం అర్థం చేసుకున్నాం.

ఇందులో డాక్టర్ల తప్పు మిగతావాళ్ళకంటే పెద్దది. రోగి దగ్గర నిద్ర గురించి, బీపీ గురించి మాట్లాడే చాలామంది తమ పిల్లల్ని అదే ఐదు గంటల బెల్లుకు పంపారు. ఎవరికంటే వాళ్ళకే ఎక్కువ తెలుసు. ఫలితాల రోజున పత్రికలు మొదటి పేజీలు నిండా ర్యాంకులు వేశాయి. లోపలి పేజీలో ఎక్కడో, ఒక పిల్ల చనిపోయిన వార్త నాలుగు లైన్లలో వచ్చింది. కథలు రాసేవాళ్ళం కరువు మీద రాశాం, వలస మీద రాశాం, నిర్వాసితుల మీద రాశాం. మన పిల్లలు రెండేళ్ళు గడిపిన ఆ గదుల్లోకి వెళ్ళింది మాత్రం తక్కువ. అమెరికాలో స్థిరపడ్డవాళ్ళు అక్కడ తమ పిల్లల్ని సాయంత్రం సాకర్‌కి, శనివారం ఈతకు తీసుకెళ్తారు. ఇక్కడి మేనల్లుడి గురించి ఫోన్లో అడిగితే, తాము చదివిన కాలేజీ పేరే చెప్తారు.

తెలియక చేశామనడానికి వీల్లేదు. 2001లో నీరదా రెడ్డి కమిటీని ఇలాంటి కాలేజీల్లో విద్యార్థుల మరణాల మీదే వేశారు. 2017లో చక్రపాణి కమిటీ మళ్ళీ అదే పని చేసింది. ఏ ఎన్నికల్లోనైనా ఓటడగడానికి వచ్చినవాళ్ళను ఆ నివేదికలు ఏమయ్యాయని మనం నిలదీశామా? రోడ్డు అడిగాం, పింఛను అడిగాం. 2019 ఏప్రిల్‌లో తెలంగాణ ఇంటర్ ఫలితాల్లో తప్పులు దొర్లాయి. ఇరవై మందికి పైగా పిల్లలు ప్రాణాలు తీసుకున్నారు. కొన్ని వారాలు రోడ్ల మీదికి వచ్చాం. జూన్‌లో మళ్ళీ అడ్మిషన్లకు క్యూ కట్టాం. దేశం మొత్తంలో 2022లో ఆత్మహత్య చేసుకున్న విద్యార్థులు 13 వేలకు పైనే. 2025 జులైలో సుప్రీంకోర్టు విద్యార్థుల మానసిక ఆరోగ్యం మీద దేశమంతటికీ మార్గదర్శకాలు ఇచ్చింది. మార్కులను బట్టి పిల్లల్ని బ్యాచులుగా విడగొట్టవద్దని, అందరిముందూ అవమానించవద్దని వాటిలో ఉంది. ఆ తీర్పుకు దారితీసింది విశాఖపట్నంలో నీట్ కోచింగ్ తీసుకుంటున్న పదిహేడేళ్ళ అమ్మాయి మరణం. తండ్రి కోర్టు మెట్లెక్కి పోరాడితే వచ్చిన తీర్పది. మన తెలుగు నగరంలో జరిగిన దాని మీద ఆయన ఢిల్లీ దాకా వెళ్ళాల్సి వచ్చింది. మనం ఆయన వెనుక నిలబడలేదు.

ఇంకోలా చేయడం మనకు చేతకాదా అంటే, చేతనవును. అదే ఎక్కువ బాధ. మదనపల్లె దగ్గర కృష్ణమూర్తి పెట్టించిన రిషి వ్యాలీ పాఠశాలలో సాయంత్రం పిల్లలందరూ కలిసి మాట్లాడకుండా కూర్చుని సూర్యాస్తమయం చూస్తారు. ఎప్పటినుంచో అది వాళ్ళ దినచర్యలో ఉంది. అది డబ్బున్నవాళ్ళ బడి అనవచ్చు. సరే, గురుకులాల మాట చూద్దాం. 2014 మే 25న నిజామాబాద్ జిల్లా పాకాల గ్రామం నుంచి వచ్చిన మలావత్ పూర్ణ ఎవరెస్ట్ ఎక్కింది. ఇంకా పద్నాలుగేళ్ళు నిండలేదు. సర్కారు సాంఘిక సంక్షేమ గురుకులం పిల్ల, లంబాడా కూలీల బిడ్డ. ఆమెతో పాటు ఖమ్మం జిల్లా కుర్రాడు ఆనంద్ కుమార్ కూడా ఎక్కాడు. భువనగిరి గుట్ట మీద మొదలుపెట్టి, డార్జిలింగ్‌లో, లడఖ్‌లో నెలల తరబడి వాళ్ళ ఒళ్ళు మలిచారు. తిండి పెట్టారు, చలికి అలవాటు చేశారు. ఆ పిల్లల్లో ఎవరికీ కనపడకుండా ఉన్న సత్తా అప్పుడు బయటికొచ్చింది. ఆ వార్తకు ఊరూరా చప్పట్లు కొట్టాం, పిల్లలకు చూపించి స్ఫూర్తి పొందమన్నాం. ఆ మర్నాడు మన పిల్లల పీఈటీ పీరియడ్ తీసేసి ఫిజిక్స్ పెడితే సంతకం పెట్టాం.

సంక్రాంతి దాటితే కాలేజీల పీఆర్వోలు మళ్ళీ వస్తారు. పదో తరగతి పిల్లలున్న ఇళ్ళ లిస్టు వాళ్ళ దగ్గర ఉంటుంది. ముందు రిజర్వ్ చేసుకుంటే ఫీజులో ఎంత తగ్గుతుందో, ఏసీ క్యాంపస్‌కూ మామూలు క్యాంపస్‌కూ తేడా ఎంతో, పోయినేడు ఎన్ని ర్యాంకులొచ్చాయో చెప్తారు. ఇన్నేళ్ళూ మనం అడిగినవి కూడా అవే. రాత్రి లైటు ఎన్నింటికి తీస్తారు, పొద్దున ఎన్నింటికి లేపుతారు, మా అమ్మాయి ఉండే ఫ్లోర్‌లో ఎంతమందికి ఒక బాత్‌రూమ్, హిమోగ్లోబిన్ ఎప్పుడు చూస్తారు, సాయంత్రం పిల్లలు పరిగెత్తేది ఎక్కడ, సెక్షన్లు మార్కుల్ని బట్టి మారుస్తారా, సుప్రీంకోర్టు చెప్పిన కౌన్సెలర్ మీ క్యాంపస్‌లో ఏ గదిలో కూర్చుంటారు? ఈ ప్రశ్నలకు జవాబు కాగితం మీద రాసి ఇమ్మని అడిగిన ఇల్లు నాకింకా కనపడలేదు. అడ్వాన్సు మాత్రం మొదటి రోజే చేతిలో పెట్టాం.